పేరు, తేదీ, చోటు: బ్రిటన్‌లోని తెలుగు సంఘాలకు ఒక బహిరంగ లేఖ

అధ్యక్షుల వారికి, కార్యదర్శి గార్లకు, కార్యవర్గ సభ్యులందరికీ,

నమస్కారం. మీలో చాలామందికి నేను తెలుసు. ఉగాది రోజు హాలు దగ్గర కుర్చీలు సర్దేవాళ్లలో ఒకణ్ణి. పులిహోర దగ్గర గరిటె పట్టుకుని నిలబడ్డవాణ్ణి కూడా. ఇరవై ఏళ్లకు పైగా నార్తాంప్టన్‌లోనే ఉంటున్నాను. ఏ ఒక్క సంఘాన్నీ వేలెత్తి చూపే ఉద్దేశం లేదు కాబట్టి ఎవరి పేరూ పెట్టకుండా అందరికీ కలిపి రాస్తున్నాను.

2024 ఆగస్టు మొదటి వారం మీకు గుర్తుండే ఉంటుంది. జూలై 29న సౌత్‌పోర్ట్‌లో డాన్సు క్లాసుకి వెళ్లిన ముగ్గురు చిన్నపిల్లల్ని ఒకడు కత్తితో పొడిచి చంపాడు. వాడు పడవలో వచ్చిన ముస్లిం శరణార్థి అని ఒక అబద్ధం ఫోన్లలో తిరిగింది. నిజానికి వాడు పుట్టింది కార్డిఫ్‌లో. ఆ నిజం బయటపడి ఏం లాభం, మర్నాడు సాయంత్రానికే సౌత్‌పోర్ట్ మసీదు మీద ఇటుకలు పడ్డాయి. ఆగస్టు 2న సండర్లాండ్‌లో నిప్పు పెట్టారు. 4న రాథర్‌హామ్ దగ్గర శరణార్థులున్న హోటల్‌ని మనుషులు లోపల ఉండగానే తగలబెట్టబోయారు. అదే రోజు మిడిల్స్‌బ్రోలో కొందరు రోడ్డుకి అడ్డంగా నిలబడి, వచ్చే కార్లు ఆపి, లోపలున్నవాళ్లని మీరు తెల్లవాళ్లా, ఇంగ్లిషువాళ్లా అని అడిగారు. మిడిల్స్‌బ్రోలో, సండర్లాండ్‌లో మన పిల్లలు ఎంతమంది చదువుకుంటున్నారో నాకంటే మీకే బాగా తెలుసు.

ఆ వారం మన గ్రూపుల్లో వచ్చిన మెసేజ్‌లన్నీ దాదాపు ఒకటే. బయటికి వెళ్లకండి, బస్సులో తెలుగులో గట్టిగా మాట్లాడకండి, ఆడవాళ్లు ఒంటరిగా తిరగకండి. 6వ తేదీన భారత హైకమిషన్ కూడా జాగ్రత్తగా ఉండమని సూచన ఇచ్చింది. ఆ సలహాలో తప్పు పట్టడానికేమీ లేదు. మా అబ్బాయికి నేనూ అదే చెప్పాను. వాడు స్నేహితుల ఇంటి నుంచి తిరిగొచ్చేదాకా ఆ టెన్షన్‌కి అన్నం సయించలేదు. నా బాధ ఆ తర్వాత జరిగినదాని గురించి. గొడవలు సద్దుమణిగాయి. మనం సెప్టెంబరులో వినాయక చవితి చేసుకున్నాం. ఎవరికి ఏం జరిగిందో ఎవరమూ ఎక్కడా రాసుకోలేదు.

మా పక్కవీధిలో ఉండే ఒకమ్మాయి కేర్ హోమ్‌లో రాత్రి డ్యూటీ ముగించుకుని బస్సు కోసం నిలబడితే, కారులో వెళ్తూ ఎవరో సీసా విసిరారు. తగల్లేదు, కాళ్ల దగ్గర పగిలింది. ఏ తేదీన, ఎన్ని గంటలకు అని ఈ మధ్య అడిగితే ఆమెకే సరిగ్గా గుర్తు లేదు. సంఘం దగ్గరైతే ఆ సంగతే లేదు.

ఈ రాసుకోకపోవడం అనేది నాకు ఇంతగా గుచ్చుకోవడానికి కారణం ఒక పాత పత్రిక. పేరు సర్చ్‌లైట్. ఈ దేశంలోని నాజీ గుంపుల గుట్టు బయటపెట్టిన పత్రిక. దాని కాగితాలన్నీ మా ఊళ్లోనే, నార్తాంప్టన్ యూనివర్సిటీలో ఉన్నాయి. పాత సంచికలు, కరపత్రాలు, ఫొటోలు, ఆ రోజుల్లో పనిచేసినవాళ్లు నోటితో చెప్పగా రికార్డు చేసిన జ్ఞాపకాలు. ఇన్నేళ్లు ఆ దారిన కారులో వెళ్తూ కూడా నాకు ఆ సంగతి తెలియదు. తెలిశాక వెళ్లి చూశాను. చదువుతుంటే నాకు అర్థమైనది ఇది: ఈ దేశంలో మనం దిగేనాటికి మనకి దొరికిన భద్రత వెనక, ఎవరో పనిగట్టుకుని దశాబ్దాల పాటు పేర్లు, తేదీలు, చోట్లు రాసి పెట్టిన శ్రమ కూడా ఉంది. ఆ కథ మీకు కొంచెం వివరంగానే చెప్పాలి.

హిట్లర్ చచ్చి పదిహేడేళ్లకే, 1962 జూలైలో కోలిన్ జోర్డాన్ అనే నాజీ లండన్ నడిబొడ్డున ట్రఫాల్గర్ స్క్వేర్‌లో యూదుల మీద విషం కక్కుతూ బహిరంగ సభ పెట్టాడు. లోపల సొంత చిన్న సైన్యం కూడా తయారు చేస్తున్నాడు. దాని కోసం వాడితో పాటు జైలుకి వెళ్లినవాళ్లలో జాన్ టిండాల్ ఒకడు. ఈ పేరు గుర్తుపెట్టుకోండి, మళ్లీ వస్తుంది. ఆ సభ చూసి కడుపు మండిన లండన్ యూదు కుర్రాళ్లు 62 గ్రూప్ అని ఒకటి పెట్టుకున్నారు. వాళ్లు వీధిలో తన్నులాటకి తన్నులాటే సమాధానం అనుకున్నవాళ్లు. వాళ్లలో ఉండేవాడు జెర్రీ గేబుల్. వీధి పోరాటం కంటే సమాచారం సేకరించడం మీద అతనికి మోజు ఎక్కువ. 1960ల మధ్యలో రెజ్ ఫ్రీసన్, జోన్ లెస్టర్ అనే లేబర్ పార్టీ నాయకుల చొరవతో సర్చ్‌లైట్ పేరుతో నాలుగు సంచికల వార్తాపత్రిక వచ్చి ఆగిపోయింది. పరిశోధన పని గేబుల్‌ది. పత్రిక ఆగినా ఫైళ్లు పోగుచేయడం ఆగలేదు.

రెండో మనిషి మారిస్ లడ్మర్. నాకు ఇతనే ఎక్కువ నచ్చాడు. బర్మింగ్‌హామ్‌లో క్రీడా విలేఖరి. యుద్ధం అయిన కొత్తలో సైన్యంలో ఉండగా బెల్సెన్ నాజీ శిబిరాన్ని కళ్లారా చూసి వచ్చాడు. ఇక ఆ మనిషి ఊరుకోలేదు. 1961లో బర్మింగ్‌హామ్‌లో జాతివివక్షకి వ్యతిరేకంగా ఒక సమన్వయ కమిటీ పెట్టినప్పుడు అతని పక్కన నిలబడ్డది ఎవరో తెలుసా? ఇండియన్ వర్కర్స్ అసోసియేషన్ జగ్మోహన్ జోషి. పంజాబ్ నుంచి వచ్చి ఇనుప కొలుముల్లో, ఫౌండ్రీల్లో పనిచేసే కూలీల సంఘం అది. అంటే ఈ కథ మొదట్నుంచీ యూదులదీ భారతీయులదీ కూడా. మనకి ఎవరూ చెప్పలేదు గానీ.

బర్మింగ్‌హామ్ పక్కనే ఉన్న స్మెథిక్‌లో 1964 ఎన్నికల్లో నల్లవాళ్ల మీద పచ్చి బూతు నినాదం తిరిగింది. పక్కింట్లోకి నల్లవాడు రావాలని నీకుంటే లేబర్‌కి ఓటెయ్యి అని దాని సారాంశం. అక్కడ కన్సర్వేటివ్ అభ్యర్థి గెలిచాడు. ఆ ఊళ్లో ఒక వీధి ఇళ్లు వలసదారుల చేతికి పోకుండా మునిసిపాలిటీయే కొనేయాలన్న ప్రయత్నం కూడా జరిగింది. ఇండియన్ వర్కర్స్ అసోసియేషన్ అవతార్ సింగ్ జోల్ పిలుపు మీద 1965 ఫిబ్రవరి 12న అమెరికా నల్లజాతి నాయకుడు మాల్కమ్ ఎక్స్ ఆ వీధికి వచ్చి నడిచి చూశాడు. తర్వాత తొమ్మిది రోజులకి న్యూయార్క్‌లో అతన్ని కాల్చి చంపారు. బర్మింగ్‌హామ్‌లో మన సంబరాలకి హాలు బుక్ చేసుకునే వాళ్లు ఎప్పుడైనా ఆ మార్షల్ స్ట్రీట్‌కి వెళ్లి చూడండి, దూరమేం కాదు.

1967లో ఇలాంటి చిల్లర గుంపులు కొన్ని కలిసి నేషనల్ ఫ్రంట్ అనే పార్టీ అయ్యాయి. మరుసటి ఏడాది ఏప్రిల్ 20న బర్మింగ్‌హామ్‌లోనే కన్సర్వేటివ్ ఎంపీ ఈనాక్ పావెల్ వలసలకి వ్యతిరేకంగా చేసిన ఉపన్యాసం వాళ్లకి పండగ. 1972లో ఇడీ అమీన్ ఉగాండా నుంచి భారతీయుల్ని వెళ్లగొట్టినప్పుడు, మీరు లెస్టర్‌కి రావద్దు అని లెస్టర్ మునిసిపాలిటీ డబ్బు పెట్టి ఉగాండా పేపర్లో ప్రకటన వేయించింది. ఇవాళ దీపావళికి మనమంతా కార్లు వేసుకుని వెళ్లే లెస్టరే అది.

నేషనల్ ఫ్రంట్ నాయకులు అప్పటికి సూట్లు వేసుకుని, మేం మామూలు దేశభక్తులం అని తిరుగుతున్నారు. టిండాల్ అందులో పెద్ద నాయకుడు. అతని పక్కన మార్టిన్ వెబ్‌స్టర్. 1974లో లడ్మర్, గేబుల్ బృందం ఒక చిన్న పుస్తకం వేసింది. దాని పేరుకి నూనె బాగా పట్టించిన నాజీ యంత్రం అని అర్థం. ఆ మాట వాళ్లు కల్పించింది కాదు, తాము కట్టబోయేది అదేనని ఒకప్పుడు వెబ్‌స్టర్ స్వయంగా చెప్పుకున్నదే. సూటు వేసుకున్న టిండాల్ పక్కన నాజీ యూనిఫాంలో ఉన్న పాత టిండాల్ ఫొటో పెడితే ఇక వ్యాఖ్యానం ఏం కావాలి? పుస్తకం బాగా అమ్ముడుపోయింది. ఆ ఊపులో 1975 ఫిబ్రవరిలో సర్చ్‌లైట్ మాసపత్రికగా మొదలైంది. లడ్మర్ సంపాదకుడు.

ఆ పత్రిక అందంగా ఉండదు. ముందే చెబుతున్నాను, చూసి నిరాశపడొద్దు. కవిత్వం, వేదాంతం ఏమీ ఉండవు. ఫలానా ఊళ్లో కౌన్సిలర్‌గా నిలబడ్డ ఫలానా మనిషికి ఫలానా ఏడాది ఫలానా కోర్టులో శిక్ష పడింది. ఈ కరపత్రం ఇక్కడ అచ్చయింది. ఈ ఇద్దరూ ఆ సభలో పక్కపక్కన కూర్చున్నారు, ఇదిగో ఫొటో. అంతే. చదువుతుంటే ఊళ్లో కరణం గారి దస్త్రం చదివినట్టుంటుంది. కానీ ఎన్నికలప్పుడు ఆ దస్త్రం స్థానిక పేపరు విలేఖరి చేతిలో, యూనియన్ కార్యదర్శి చేతిలో, చర్చి పాస్టరు చేతిలో పడితే, గుమ్మం ముందు ఓటడుగుతున్న మనిషి అసలు రంగు తెలిసిపోయేది.

అదెంత అవసరమో 1976 చెప్పింది. ఆ ఏడాది లెస్టర్ స్థానిక ఎన్నికల్లో నేషనల్ ఫ్రంట్‌కి 18 శాతం పైగా ఓట్లొచ్చాయి. జూన్ 4న లండన్‌లో పంజాబీలు ఎక్కువుండే సౌతాల్‌లో గుర్దీప్ సింగ్ చగ్గర్ అనే పద్దెనిమిదేళ్ల కుర్రాణ్ణి పొడిచి చంపారు. అంతకు ముందు నేషనల్ ఫ్రంట్‌కి అధ్యక్షుడిగా చేసిన జాన్ కింగ్స్లీ రీడ్ ఆ చావు మీద సభలో, “ఒకడు పోయాడు, ఇంకా పది లక్షలున్నారు” అన్నాడు. కేసు పెట్టారు. నిర్దోషి అని వదిలేశారు. 1977 ఆగస్టు 13న లూయిషామ్‌లో నేషనల్ ఫ్రంట్ ఊరేగింపుని జనం అడ్డుకున్నారు. ఆ తర్వాత యాంటీ నాజీ లీగ్ పుట్టింది, లడ్మర్ దాని కార్యవర్గంలో ఉన్నాడు. 1978 మే 4న, స్థానిక ఎన్నికల రోజే, తూర్పు లండన్‌లో బట్టలు కుట్టే బంగ్లాదేశీ కార్మికుడు అల్తాబ్ అలీని పని నుంచి ఇంటికెళ్తుంటే చంపారు. 1979 ఏప్రిల్ 23న సౌతాల్‌లో నేషనల్ ఫ్రంట్ సభకి వ్యతిరేకంగా జరిగిన నిరసనలో బ్లేర్ పీచ్ అనే న్యూజీలాండ్ టీచరు పోలీసు దెబ్బకి చనిపోయాడు. మన పిల్లల కోసం ఒక తెల్ల పంతులు ప్రాణం పోగొట్టుకున్నాడని నేను పదేపదే అనుకుంటూ ఉంటాను.

తర్వాత పది రోజులకి జరిగిన సాధారణ ఎన్నికల్లో నేషనల్ ఫ్రంట్ 303 మందిని నిలబెట్టింది. అందరికీ డిపాజిట్లు గల్లంతు. ఇదంతా పత్రిక ఘనతే అంటే అబద్ధమవుతుంది. మార్గరెట్ థాచర్ ముందు ఏడాది వలసల మీద గట్టిగా మాట్లాడి ఆ ఓట్లలో కొన్ని తనవైపు లాక్కున్న మాట కూడా నిజమే. అయినా నాజీ అన్న ముద్ర వాళ్ల వీపు మీద చెరగకుండా పడడంలో ఆ కరణం దస్త్రం చాలా పని చేసింది.

1981లో లడ్మర్ యాభైల వయసులోనే పోయాడు. ఆ రోజుల్లోనే రే హిల్ కథ. లెస్టర్‌లో వలసదారులకి వ్యతిరేకంగా తిరిగి, తర్వాత దక్షిణాఫ్రికా వెళ్లి అక్కడి గుంపుల్లోనూ చేరినవాడు. అక్కడే మనసు మారింది. తిరిగొచ్చి సర్చ్‌లైట్‌కి వేగుగా పనిచేయడానికి ఒప్పుకున్నాడు. కొన్నేళ్లపాటు నాజీ గుంపుల్లో పెద్ద హోదాలో ఉంటూ, లోపలి నుంచే వాళ్ల మధ్య తగాదాలు పెట్టి చీల్చాడు. 1981లో నాటింగ్ హిల్ కార్నివాల్‌లో బాంబు పెట్టే కుట్ర గురించి ఉప్పందించింది అతనే. 1984లో టీవీలో ముఖం చూపించి అంతా బయటపెట్టాడు. మన పాత కథల్లో రాజుల వేగులు చేసే పనే, కాకపోతే ఇతనికి రాజు లేడు.

ఈ కథలో మచ్చలున్నాయి. దాచి చెబితే మీరు నన్ను నమ్మక్కర్లేదు. 1963లో గేబుల్, అతని తోటివాళ్లూ టెలిఫోన్ మనుషుల వేషంలో డేవిడ్ ఇర్వింగ్ ఫ్లాట్‌లోకి దూరి దొరికిపోయి కోర్టులో శిక్ష పడ్డవాళ్లు. ఆ ఇర్వింగ్ యూదుల ఊచకోతని కాదనే చరిత్రకారుడిగా తర్వాత పేరుమోశాడు, అది వేరే సంగతి. 1980లో న్యూ స్టేట్స్‌మన్ పత్రిక గేబుల్ రాసిన ఒక రహస్య కాగితం బయటపెట్టింది. గూఢచారి శాఖ వాళ్లతో ఇచ్చిపుచ్చుకోవడాలు ఉన్నాయని, వామపక్షంలోని మనుషుల మీద కూడా కూపీ లాగారని అప్పట్నుంచీ విమర్శ ఉంది. వేగుల్ని నమ్ముకున్న పనికి ఈ బురద అంటకుండా ఉండదేమో. నాకు ఆ భాగం నచ్చలేదు. మనం వేగుల్ని పెట్టుకోవాలని నేను చెప్పడం లేదు కూడా.

1999 ఏప్రిల్‌లో డేవిడ్ కోప్‌లాండ్ అనే నాజీ రెండు వారాల వ్యవధిలో లండన్‌లో మేకుల బాంబులు పెట్టాడు. 17న నల్లజాతివాళ్లు ఎక్కువుండే బ్రిక్స్‌టన్‌లో, 24న బంగ్లాదేశీలుండే బ్రిక్ లేన్‌లో, 30న సోహోలో స్వలింగ సంపర్కులు వెళ్లే పబ్‌లో. మూడో దాంట్లో ముగ్గురు చనిపోయారు, అందులో ఒకామె గర్భిణి. బ్రిక్ లేన్‌లో సంత శనివారం అనుకుని వెళ్లాడు వాడు. సంత ఆదివారం. ఒక్క రోజు తేడా ఎంతమంది ప్రాణాలు కాపాడిందో. తర్వాతి దశాబ్దంలో బ్రిటిష్ నేషనల్ పార్టీ లేచింది. దాన్ని 1982లో పెట్టింది మళ్లీ ఆ టిండాలే. 2009లో వాళ్లు యూరోపియన్ పార్లమెంటుకి రెండు సీట్లు గెలిచారు. మరుసటి ఏడాదే బార్కింగ్, డాగెన్‌హామ్‌లో ఉన్న పన్నెండు కౌన్సిలర్ సీట్లూ పోగొట్టుకున్నారు. అక్కడ ఇంటింటికీ తిరిగి పనిచేసిన హోప్ నాట్ హేట్ అనే జాతివివక్ష వ్యతిరేక సంస్థ సర్చ్‌లైట్ ఇంట్లో పుట్టిందే. 2011లో ఆ రెండూ విడిపోయాయి, అన్నదమ్ముల వాటాల్లాగే కొంచెం చేదుగా.

ఇప్పుడు మన ఇంటి సంగతి. ఇది రాయడానికే నాకు కష్టంగా ఉంది.

2025 సెప్టెంబరు 13న ముస్లింలకి వ్యతిరేకంగా పేరుమోసిన టామీ రాబిన్సన్ పిలుపు మీద లండన్‌లో లక్ష మందికి పైగా ఊరేగారు. ఆ రోజు సాయంత్రం మన గ్రూపుల్లో కొందరు ఆ వీడియోలు ఆనందంగా పంపారు. వాళ్లు ముస్లింలకి వ్యతిరేకం, మనకి కాదు కదా అని ఒకాయన రాశారు. మనం ట్యాక్స్ కట్టేవాళ్లం, స్కిల్డ్ వీసా మీద వచ్చినవాళ్లం, పడవల్లో వచ్చినవాళ్లం కాదు అని ఇంకొకరు. పెద్దవాళ్లు కాబట్టి అప్పుడు నేనేమీ అనలేదు. ఇప్పుడు అంటున్నాను. మిడిల్స్‌బ్రోలో కార్లు ఆపినవాళ్లు వీసా కేటగిరీ అడిగారా అన్నా? బొట్టు ఉందో లేదో చూసి వదిలేశారా? చగ్గర్‌ని చంపింది సిక్కు అని తెలిసి కాదు, తెలియక కూడా కాదు. వాళ్లకి ఆ తేడా అక్కర్లేదు. పావెల్ ఉపన్యాసం నుంచి ఇవాళ్టి దాకా కాగితాలన్నీ వరసగా చదివితే, మమ్మల్ని వదిలేస్తారులే అని నమ్మిన ప్రతి గుంపు వంతూ ఎప్పుడో ఒకప్పుడు వచ్చింది. యూదులు, కరీబియన్లు, పంజాబీలు, బంగ్లాదేశీలు. సంఘం పేరు మీద నడిచే గ్రూపులో ఆ వీడియోలు తిరగకూడదని మీరు నియమం పెట్టాలి. అమ్మకాల ప్రకటనలు పెట్టొద్దని నియమం ఉంది కదా, దాని కిందే ఇంకో లైను.

మరొక కోరిక. ప్రతి సంఘం ఒక నోటుబుక్కు తెరవాలి. ఎవరికైనా బస్టాపులో, బడిలో, డ్యూటీలో, ఇంటి గుమ్మం దగ్గర ఇలాంటిది ఏదైనా జరిగితే పేరు, తేదీ, చోటు, చూసినవాళ్లు ఎవరు, పోలీసులు ఇచ్చిన నంబరు ఏమిటి అన్నది రాయాలి. పేరు బయటికి రాకుండా ఉంచాలని అడిగితే ఉంచాలి. వీసా మీద ఉన్న పిల్లలు ఎందుకొచ్చిన గొడవ అని పోలీసుల దాకా వెళ్లరు, అది అర్థం చేసుకోగలను. కనీసం మన దగ్గరైనా చెప్పనివ్వండి. ఒకటీ రెండూ అయితే గాలివార్త. నలభై తేదీలతో సహా ఉంటే కౌన్సిలర్ ముందు పెట్టవచ్చు, యూనివర్సిటీ వాళ్ల ముందు పెట్టవచ్చు. ట్రెజరర్ గారు సంక్రాంతి చందాలు రాసే పద్ధతిలో రాస్తే చాలు. ఆయన పైసా కూడా వదలరు.

ఇంకా, 1970ల్లో గుంటూరు, కర్నూలు, విశాఖ, వరంగల్ వైద్య కళాశాలల నుంచి వచ్చి ఇక్కడి ఆసుపత్రుల్లో పనిచేసిన డాక్టర్లు మన మధ్యే ఉన్నారు. వాళ్లని వేదిక మీదికి పిలిచి శాలువా కప్పుతాం, రెండు నిమిషాలు మాట్లాడిస్తాం, పాటల కార్యక్రమానికి ఆలస్యమవుతోందని మైకు తీసుకుంటాం. ఆ రోజుల్లో నేషనల్ ఫ్రంట్ ఊళ్లోకి వస్తే ఏం చేశారో, రాత్రి డ్యూటీ నుంచి ఇంటికి ఎలా వచ్చేవారో ఎవరైనా అడిగారా? ఇప్పుడు వాళ్లకి ఎనభై దగ్గర పడుతోంది. ఫోన్‌లో రికార్డు బటన్ నొక్కడానికి ఖర్చేం లేదు. ఒక్కొక్కరి దగ్గర రెండు గంటలు కూర్చోవడానికి పిల్లల్ని పంపండి. వాళ్ల తెలుగు కూడా బాగుపడుతుంది.

యూనివర్సిటీలో ఆ కాగితాలు చూడాలంటే ముందుగా రాసి సమయం తీసుకుని వెళ్లాలి. ఏ సంఘం వాళ్లు వస్తామన్నా ఆ ఉత్తరాలూ ఏర్పాట్లూ నేను చూసుకుంటాను. మధ్యాహ్నం భోజనం మా ఇంట్లోనే. పప్పు, ఆవకాయ గ్యారంటీ, మిగతాది మా ఆవిడ మూడ్‌ని బట్టి.

నోటుబుక్కు నేను ఇప్పటికే ఒకటి కొన్నాను. మొదటి పేజీలో మా పక్కవీధి అమ్మాయి సంగతి రాశాను. ఆమె పేరు, బస్టాపు, కాళ్ల దగ్గర పగిలిన సీసా. తేదీ దగ్గర మాత్రం ఖాళీ వదిలాను. ఆ నెల డ్యూటీ రోటా ఆమె పాత ఫోన్‌లో ఉందట, వెతికి చెబుతానంది.

ఇట్లు,
మీ సభ్యుల్లో ఒకడు,
నార్తాంప్టన్